రాతలక్క నవలలో నేను చేర్చిన నర్సు

ఇప్పుడు ముంబయిలోని మా కామాటిపురా చాల్‌లో ఎవరి ఫోను వాళ్ళు చదువుకుంటున్నారు గానీ, నాకు ఇరవై ఏళ్ళున్న ఆ రోజుల్లో వరసగా ఉన్న నలభై ఒంటిగది ఖోలీలకూ కలిపి తెలుగు చదవగలిగిన కళ్ళు రెండే ఉండేవి. ఆ రెండూ నావే. పిల్లలు మరాఠీ బడిలో చదివారు, పెద్దలు ఏ బడికీ వెళ్ళలేదు. పాలమూరులో ఏడో తరగతి వెలగబెట్టి వచ్చిన పుణ్యాన ఊరి ఉత్తరాలన్నీ నేనే చదివి వినిపించేవాణ్ణి. (ఉత్తరం మరీ చప్పగా ఉంటే ఒక పెళ్ళో, పాముకాటో నేనే కలిపేవాణ్ణి. ఎవరికీ నష్టం లేదు. ఒకాయన మాత్రం తనకు లేని బర్రె ఈనిందని చాల్ అంతటా పాలకోవా పేడాలు పంచాడు.)

అప్పుడే రాతలక్క మా దగ్గర ఖోలీ అద్దెకు తీసుకుంది. అసలు పేరు పుస్తకాల మీద ఉంటుంది, మాకు మాత్రం రాతలక్కే. పొద్దున నల్లా దగ్గర బిందెల వరుసలో నిలబడి ఆడవాళ్ళ మాటలు వినేది, మధ్యాహ్నమంతా రాసేది. ఆమె నవలలు చదివి మండిపడినవాళ్ళు తిడుతూ ఉత్తరాలు పంపేవారు. ఆ ఉత్తరాల వెనకవైపే అక్క తర్వాతి అధ్యాయం రాసేది. "కాగితం మంచిదిర తమ్మీ, రాసినోని సంగతి మనకెందుకు" అనేది. అలాంటి గుండెను నేను మళ్ళీ చూడలేదు.

మా చాల్ మీద రాసిన నవల అచ్చయిందో లేదో, అందులో అందరి పరువూ తీసిందని గ్రాంట్ రోడ్డు దాకా పుకారు పాకింది. కూలీలను పనుల్లోకి తీసుకెళ్ళే ముకాదం మామే మా చాల్‌కు పెద్ద. "ఐతారం అందరి ముంగట సదివిపిద్దాం. తప్పు రాస్తె ఖోలీ ఖాళీ" అన్నాడు. రాసినామె చదివితే ఎవరూ నమ్మరు కాబట్టి చదవాల్సింది నేను!

ముందురోజే పుస్తకం తిరగేసి చెమటలు కక్కాను. ముంబయి వానకు గల్లీలు మునిగిన రోజున మా చాల్ ఆడమనిషికి నొప్పులొస్తే, పక్క గల్లీలో ఒళ్ళమ్ముకునే ఆడది వచ్చి కాన్పు చేసిందని రాసి ఉంది. (మా మగవాళ్ళు ఆ గల్లీలోంచి ఆకాశం చూస్తూ నడిచేవారు. పగలు మాత్రం.) అక్కను ఎలాగైనా కాపాడాలనుకున్నాను. ఆదివారం నా నోట్లో ఆ ఆడది పెద్దాసుపత్రి నర్సయింది. తెల్లచీర కట్టింది, బంగారు కళ్ళజోడు పెట్టింది, పడవలో వచ్చింది. మామ మెచ్చుకుంటూ తలూపాడు. గోడకానుకున్న అక్క నావైపు గుడ్లప్పగించి చూస్తోంది.

మెట్టు మీద కూర్చున్న మామ తల్లి, చాల్ అందరికీ అవ్వ, నోట్లోని తమలపాకు ఉమ్మేసింది.

"ఆగుర. నర్సు యాడికెల్లొచ్చింది?"

"పుస్తకంల గట్లనే ఉందవ్వా."

"నీ మొకం! గా కత అక్కకు చెప్పింది నేను. నా పేరు మార్చి రాయమన్న. మోకాల్లోతు నీళ్ళల్ల ఏ నర్సొస్తదిర? పక్క గల్లీ పిల్ల వచ్చింది. తన కొత్త చీర చింపి బిడ్డను చుట్టింది. ఉన్నది చదువు."

"అమ్మా, బస్ కర్, ఇగ సాలు!" అన్నాడు మామ.

"నువ్వు కూసో. గా చీరల ఏడ్చిన బిడ్డవు నువ్వే."

ఉన్నది చదివాను. జీవితంలో మొదటిసారి ఒక్క ముక్క కలపలేదు.

"ఆమె పేరేంది?" అన్నాడు మామ చదవడం అయ్యాక.

"అవ్వకు యాదిలేదన్నా. అందుకే మొదటి పేజీల, పేరు తెల్వని ఆమెకే ఈ పుస్తకం అని రాసిన" అంది అక్క.

మామ నావైపు తిరిగాడు. "మల్లొక్కసారి చదువు. మెల్లగ."

ఖోలీ ఊసు మళ్ళీ ఎవరూ ఎత్తలేదు. తర్వాతి నవలలో మాత్రం అక్క ఒక అబద్ధాల చదువరిని పెట్టింది. పోయినేడు అది మరాఠీలోకి వచ్చింది. మా చాల్ పిల్లలు వాళ్ళంతట వాళ్ళే చదువుకొని వచ్చి, "కాకా, ఈ ఝూటా నువ్వేనా?" అని అడుగుతున్నారు. నెరిసిన మీసం దువ్వుకుంటూ, "అనువాదంలో తప్పు పడిందిరా" అంటాను. అవ్వ కూర్చునే మెట్టు ఇప్పుడు ఖాళీ. అయినా ఆ మాట అనేటప్పుడు అటువైపు మాత్రం చూడను.