మార్తమ్మ మెడలో ఎల్లమ్మ ముత్యాలు

మా పెద్దమ్మ పాట అందుకుందంటే మక్తల్ సంతలో గొర్రెల బేరాలు కూడా కాసేపు ఆగేవి. తెల్ల దొరసాని బొమ్మల పటం విప్పి యేసు ప్రభువు సంగతి చెప్పబోతే జనం ఆమె టోపీని చూసి నవ్వుకుని వెళ్లిపోయేవాళ్లు. పెద్దమ్మ గొంతు విన్నాకే కింద కూర్చునేవాళ్లు. ఎల్లమ్మ కథ పాడే వరసలోనే ఆమె సిలువ కథ పాడేది. మా పాస్టరు అయ్యగారికి ఆ వరస గిట్టేది కాదు. జనం వచ్చేది దానికోసమే కాబట్టి కిమ్మనకుండా ఊరుకునేవారు.

ఆ వరస ఆమెకు ఎక్కడిదంటే, ఆమె మా ఊరి జోగిని. ఊహ తెలియని వయసులోనే ఎల్లమ్మ పేరు చెప్పి మెడలో ముత్యాల దండ కట్టారు. ఇక పెళ్లి లేదు. జాతరలో ముందు నిలబడి ఆడాలి, పెద్దల ఇంట్లో శవం లేస్తే దాని ముందూ ఆడాలి. పటేళ్లలో ఎవడు తలుపు తట్టినా కాదనకూడదు. దాన్ని భక్తి అనేవాళ్లు, సిగ్గులేకుండా. అప్పుడామె పేరు గుర్వమ్మ. పోలీసు చర్య జరిగిన కొన్నాళ్లకు జ్వరంతో మిషన్ దవాఖానలో పడి ఉంటే, నువ్వు ఎవరి సొత్తూ కాదు, దేవుని బిడ్డవని దొరసాని చెప్పిందట. అంతకు ముందు ఆమెకు ఆ మాట చెప్పినవాళ్లే లేరు. వాగులో బాప్తిస్మం తీసుకుని మార్తమ్మ అయింది. బైబిలు స్త్రీగా చంకలో సంచి వేసుకుని ఊరూరూ తిరిగింది.

మా ఊరికి వాక్యం చెప్పడానికి వచ్చిన రోజు ఆమె నోరు జారింది. చావడి ముందు నిలబడి, "జూడుండ్రి, ముత్యాలు తెంపి వాగుల పారేసిన. నాకేమన్న అయిందా? మీ ఎల్లమ్మ నన్నేం జేసింది?" అంది. వెంట వచ్చిన సంఘం వాళ్లు ఆమేన్ అన్నారు. ఊరివాళ్లు ఒక్కొక్కరే లేచి వెళ్లిపోయారు. ఆ వానాకాలమే గత్తర వచ్చి ఇంటింటా వాంతులు, బేదులు పట్టుకున్నాయి. జోగిని లేని ఊరు ఇట్లాగే అవుతుందని పెద్దలు తేల్చేశారు. జోగిని వంతు ఇంటి వరసన వస్తుంది. పెద్దమ్మ తరువాత ఆ ఇంట్లో ఉన్న ఆడపిల్లను నేనే.

ఆ రివాజు పెద్దమ్మకు తెలియనిది కాదు. దండతో పాటు వంతు కూడా తెగిపోయిందనుకుంది, పిచ్చిది.

మా బాపు రాములు తల వంచుకుని కూర్చున్నాడు. కాదంటే పనికి పిలవరు, బావి దగ్గరికి రానివ్వరు. మా అమ్మ నర్సింగమ్మ ఏడ్చి ఏడ్చి అక్కకు కబురు పంపింది. పెద్దమ్మ మిషన్ కాంపౌండుకు పరుగెత్తి అయ్యగారి కాళ్ల మీద పడింది.

"అయ్యగారూ, పిల్లను హాస్టల్ల పెట్టుకోండ్రి. మీ కాల్మొక్త."

"తండ్రి ఒప్పుకోకుండా ఎట్లా పెట్టుకుంటాం మార్తమ్మా? ఊరంతా మిషన్ మీద పడుతుంది. ప్రార్థన చేద్దాం."

చేశారు. ఆయన ప్రార్థన చక్కగా చేస్తారు, కాదనను.

పెద్దమ్మ అక్కడి నుంచి తిన్నగా ఎల్లమ్మ గుడికి వచ్చింది. అప్పటికే నాకు పసుపు పూసి కూర్చోబెట్టారు. ఏం జరుగుతుందో తెలియకపోయినా కొత్త లంగా ఇచ్చారని నాకు సంబరంగానే ఉంది. పెద్దమ్మ నన్ను రెక్క పట్టి లేపి, నా చోట తాను కూర్చుంది.

"పాతది బతికుండంగ కొత్తదానికి కట్టొద్దు. మీ రివాజే గద. నాకే కట్టుండ్రి. గీ పిల్లను మాత్రం మిషన్ బడికి పంపాలె."

పటేలు నవ్వాడు. "మరి నీ యేసు ఏమంటడే?"

"ఆయనకు నేను జెప్పుకుంట. నువ్వు కట్టియ్యి."

పటేలు తలూపాడు. అప్పుడు గానీ మా బాపు నోటి నుంచి "పంపుత" అన్న మాట రాలేదు. ఆమె మెడలో మళ్లీ ముత్యాలు పడ్డాయి.

ఆ తరువాతి ఆదివారమే సంఘం ఆమెను వెలివేసింది. నేను హాస్టల్లో అన్నం తింటూ, అక్షరాలు దిద్దుకుంటూ, వెనక్కి తిరిగి చూసి ఉప్పు స్తంభమైపోయిన లోతు భార్య గురించి ప్రసంగాలు విన్నాను. అయ్యగారు పేరు చెప్పేవారు కాదు. చెప్పనక్కర్లేదు, పిల్లలంతా నా వైపే చూసేవాళ్లు. నాకు ఒళ్లు మండిపోయేది. పెద్దమ్మ మాత్రం ఆదివారం ఆదివారం నడిచి వచ్చి చర్చి బయట కిటికీ పక్కన నిలబడేది. లోపల పాట ఎత్తుకుంటే బయటి నుంచి తనూ కలిపేది.

నేను పెద్దదాన్నయ్యాక బాప్తిస్మానికి పేరిచ్చాను. ముందు సంఘం ఎదుట ప్రశ్నలు అడుగుతారు. నిన్ను ప్రభువు దగ్గరికి నడిపించిందెవరని అయ్యగారు అడిగారు. నా ముందు పిల్లలంతా దొరసాని అమ్మగారని, అయ్యగారని చెప్పారు.

"మా పెద్దమ్మ" అన్నాను.

"ఆమె విగ్రహాల్లోకి తిరిగిపోయిన మనిషి. ఇంకెవరి పేరైనా చెప్పమ్మా."

"ఇంకెవరూ లేరండీ."

అయ్యగారు కళ్లద్దాలు తీసి తుడుచుకున్నారు. "అయితే వచ్చే ఏడు చూద్దాం" అన్నారు. నేను గిరుక్కున తిరిగి బయటికి వచ్చేశాను. గర్వంగా ఉంది. కిటికీ పక్కన నిలబడి అంతా విన్న పెద్దమ్మ మురిసిపోతుందనుకున్నాను.

ఆమె చాచి నా చెంప మీద కొట్టింది.

"నేను మళ్ల మెడల ఏసుకున్నది నువ్వచ్చి నా పక్కన నిలవడేటందుకా? నేను సచ్చినంక గా పటేలు మళ్ల నీ కోసమే వస్తడు. అప్పుడు నీ ఎనక సంఘం ఉండాలె. పో. నా పేరు జెప్పకు. దొరసాని పేరు జెప్పు."

"దొరసాని పేరు నేను చెప్పను పెద్దమ్మా."

ఆమె ఏడుస్తూ నా భుజాలు పట్టి తిప్పి, చర్చి గడప లోపలికి రెండు చేతులతో నెట్టింది.