నా తప్పు మోసిన మందుల షాపు సార్

కోదాడలో మా వీధి మొదట్లో చాలా ఏళ్లు మందుల షాపు నడిపిన సార్ ఈమధ్యే మిర్యాలగూడలో పోయారు. ఆయన తమ్ముడు ఫోన్ చేసి, "టీచరమ్మా, అన్న పోయిండు. మీ వీధోళ్లకు జర చెప్పుండ్రి" అన్నాడు. అందరికీ చెప్పాను. వాళ్లకు చెప్పాల్సిన ఇంకో మాట రెండేళ్లుగా నా దగ్గరే ఉండిపోయింది. అది ఇక్కడ రాస్తున్నాను.

సార్‌ది సూర్యాపేట పక్క ఊరు. మందు చేతికిచ్చే ముందు ఇంకేం గోలీలు వాడుతున్నారు, ఎప్పుడైనా కామెర్లయ్యాయా, తాగే అలవాటుందా అని అడిగేవారు. వెనకున్నవాళ్లు విసుక్కున్నా తొందరపడేవారు కాదు. "నొప్పి తగ్గకుంటే డాక్టర్ దగ్గరికి పోవాలె గని, ఇంకో గోలీ దగ్గరికి కాదు" అనేవారు.

మా అమ్మ మోకాళ్ల నొప్పులకు డాక్టర్ మెల్లగా కరిగే రకం పారాసిటమాల్ రాశారు. సార్ ఆ స్ట్రిప్ వెనక 'ఎనిమిది గంటలకొకటి. నలగ్గొట్టొద్దు' అని పెన్నుతో రాసి ఇచ్చారు.

"ఇది కడుపుల మెల్లగ కరగాలె టీచరమ్మా. పొడి చేస్తే మందంతా ఒక్కసారే ఒంట్లకు పోతది. జలుబు గోలీలల్ల సుత ఇదే మందు ఉంటది. రెండు కలిపి ఇయ్యకు."

"తెలుసు సార్, చదువుకున్నదాన్నే కదా" అన్నాను. హుజూర్‌నగర్ బస్సు పోతుందని నా ఆత్రం.

అంత పెద్ద గోలీ అమ్మకు గొంతు దిగలేదు. సార్‌నో డాక్టర్‌నో అడగాల్సింది. అడగకుండా రోట్లో నూరి తేనెలో కలిపి ఇచ్చాను. నొప్పి త్వరగా తగ్గింది, త్వరగానే తిరిగొచ్చింది. రోజూ నాలుగు గంటలకే ఇంకోటి ఇస్తూ పోయాను. అదే వారం జలుబు చేస్తే వేరే షాపులో గోలీలు కొని అవీ వేశాను. ఐదో రోజుకు అమ్మకు వాంతులు పట్టుకున్నాయి, కళ్లు పచ్చబడ్డాయి.

సూర్యాపేటలో దవాఖానకు తీసుకెళ్లాం. ఏమేం ఇచ్చారని డాక్టర్ అడిగితే, అన్న బయటికి వెళ్లాక ఉన్నదంతా చెప్పాను. "మోతాదు మించింది. లివర్ దెబ్బతిన్నది. ఇప్పటికైనా తెచ్చారు" అన్నారాయన. అన్న లోపలికొచ్చి ఏమైందని అడిగాడు.

"షాపు సార్ చెప్పినట్టే ఇచ్చిన" అన్నాను.

మర్నాడు అన్న షాపు ముందు నిలబడి అరిచాడు. "మా చెల్లె నువ్వు చెప్పినట్టే ఇచ్చింది. మా అమ్మ పానం తీస్తుంటివి గదయ్యా." వీధి అంతా చూస్తోంది. నేను అన్న వెనకే ఉన్నాను. సార్ రాసిచ్చిన స్ట్రిప్ నా సంచిలోనే ఉంది. అది తీసి చూపించమని సార్ ఒక్క మాటంటే చాలు, ఆయన తప్పు లేదని తేలిపోయేది. సార్ నా వంక ఒకసారి చూసి, "అమ్మకు ఎట్లున్నది?" అని మాత్రం అడిగారు.

అమ్మ కోలుకుంది. మా వీధిలో సగం మంది ఆ షాపుకు వెళ్లడం మానేశారు. ఏడాది తర్వాత సార్ షాపు ఎత్తేసి మిర్యాలగూడలో తమ్ముడి షాపులో కూర్చున్నారు. క్షమించమని అడగడానికి ఒకసారి అక్కడికి వెళ్లాను. ఎదురుగా నిలబడి దగ్గు మందు అడిగాను, కొనుక్కుని వచ్చేశాను. దానికీ ఆయన ఎవరికోసమని అడిగి, ఎట్లా వాడాలో చెప్పారు.

సార్ పోయిన పదో రోజున వెళ్లి సార్ భార్యకు అంతా చెప్పాను. ఆమె నా చేయి పట్టుకోలేదు, నన్ను తిట్టనూ లేదు.

"ఆయనకు ఆనాడే సమజైంది. ఎందుకు చెప్పలేదని నేనడిగితే, తల్లిని సావు దాంక తీస్కపోయిన్నని ఆ పిల్ల జన్మంతా ఏడుస్తది, ఇంట్ల సుత అంటరు, నన్నంటే నాలుగు రోజులకు మర్సిపోతరు అన్నడు. కానీ మర్సిపోలే" అంది.

ఇంటికొచ్చాక అన్న అన్నం తింటుంటే ఎదురుగా కూర్చుని చెప్పాను. అమ్మ కూడా అక్కడే ఉంది, వింది. అన్న చెంబులో నీళ్లు తీసుకుని, సగం అన్నం ఉన్న పళ్లెంలోనే చేయి కడిగాడు. లేచి పోకుండా అలాగే కూర్చున్నాడు. పప్పు కలిపిన మెతుకులు ఒక్కొక్కటే విడివడి ఆ నీళ్లలో తేలుతున్నాయి.