బల్ల మీద వదిలిన పుస్తకాలు

సాలమ్మ పెద్దమ్మ, నేను యూనివర్సిటీలో ఒక పాత రీడింగ్ రూమ్ ఊడుస్తాం. ఆమె ఇరవై రెండేళ్లుగా, నేను తొమ్మిదో తరగతి ఆపేసినప్పటి నుంచి. ఇద్దరిదీ యూనివర్సిటీ పక్క బస్తీ, మాణికేశ్వర్ నగరే.

పెద్దమ్మకు చదువు రాదు. చిన్నప్పుడు వాళ్ల ఊరి గ్రంథాలయంలో సాయంత్రం ఒకాయన పేపరు పైకి చదివేవాడట. పెద్దమ్మ వాళ్లను లోపలికి రానిచ్చేవాళ్లు కాదు. వాళ్ల నాన్న ఆమెను భుజాన ఎత్తుకుని కిటికీ బయట నిలబడి వినేవాడు.

మా గదిలో మూడు అరల నిండా తెలుగు కథలు, నవలలు ఉన్నాయి. కార్డు లేనివాళ్లు వాటిని అక్కడే కూర్చుని చదువుకోవచ్చు. తార్నాక నుంచి ఒక దర్జీ వస్తాడు, అడిక్‌మెట్ హాస్టల్లో వంట చేసే నవనీతక్క వస్తుంది. మధ్యాహ్నం అన్నం తిన్నాక నేను. చదివినవి బల్ల మీదే వదలాలని మూడేళ్ల కింద గోడకు కాగితం అంటించారు. ఎందుకో నేను అడగలేదు.

పోయిన నెల పరశురాం సార్ ఆ అరల ముందు ఆగాడు. రోజూ పొద్దున పెద్ద లైబ్రరీ నుంచి వచ్చి ఏదో రాసుకుని వెళ్లిపోయే గుమాస్తా ఆయన.

"సాలమ్మా, ఇవి గోడౌన్‌కు పోతున్నయి. మూడేండ్లల ఒక్కరు ముట్టలే."

"ముట్టకపోవుడేంది సారూ? దినాం చదువుతరు. ఆ దర్జీ అయితే చదువుకుంట నవ్వుతనే ఉంటడు. నేను కాళ్లు తియ్యమన్నా ఇనడు."

"మరి బల్లల మీద ఒక్కటి ఉండదేంది? గాడ ఉన్నయే చదివినట్టు లెక్క రాస్తం."

పెద్దమ్మ చీపురు కింద పెట్టింది. రోజూ సాయంత్రం బల్లల మీది పుస్తకాలను కొంగుతో తుడిచి, అరలో ఖాళీ చూసి పెట్టేది ఆమే. నేను రోజూ చూస్తూనే ఉన్నాను.

"చిందరవందర ఉంటె నన్నంటరని సర్దిన సారూ. అయితే నేనే పంపుతున్ననా వీటిని?"

ఆయన పెన్నుకు మూత పెట్టాడు. "నెలాఖరు దాక ఆపమని అడుగుత. నువ్వు చెయ్యి పెట్టకు. నీ చెయ్యి ఊకుంటదా మరి?"

ఆ సాయంత్రం బల్లల మీద ఏడు పుస్తకాలున్నాయి. ఒకటి తెరిచి బోర్లా పెట్టి ఉంది. పెద్దమ్మ చెయ్యి చాచి మళ్లీ వెనక్కి తీసుకుంది.

"దాని నడుం ఇరుగుతది బిడ్డా," అంది.

నేను దాన్ని మూసి అక్కడే పెట్టాను.

నెలాఖరుకు లెక్క నూట అరవై దాటింది. అరలు కదల్లేదు. ఇప్పుడు పొద్దున పరశురాం సార్ రాసుకుంటుంటే పెద్దమ్మ వెనకే నడుస్తూ వేళ్లు మడుస్తుంది. ఆయన పెన్ను జేబులో పెట్టుకున్నాక, ఒక్కో పుస్తకాన్నీ తుడిచి, తీరిగ్గా అరలో పెడుతుంది.