చదివి వినిపించని వాక్యం

వేలూరులో ఒక బ్రౌజింగ్ సెంటర్‌లో నేను ప్రింట్లు తీసే రోజుల్లో, గుడియాత్తంలో మా వీధి మేస్త్రి ఒక మధ్యాహ్నం లోపలికి వచ్చాడు. వరసకు పెదనాయన. ఆయన భార్య బీడీలు చుట్టేది. ఊపిరాడక ఆసుపత్రిలో చేరి వారమైంది. డాక్టరు జబ్బు పేరు చీటీ మీద రాసిచ్చాడు.

"ఇదేం జబ్బో చూసి చెప్పమ్మా. డాక్టరు చెప్పింది నాకు అర్థం కాలా. పుస్తకాల అంగట్లో అడిగితే, ఆ రేటు మనవల్ల అయ్యేది కాదు."

అప్పటికి నాకొక దారి తెలుసు. ఖరీదైన వైద్య పుస్తకాలను ముక్కూమొహం తెలియనివాళ్లెవరో ఇంటర్నెట్‌లో పెట్టేవారు. ఎవరైనా ఊరికే దించుకోవచ్చు. మా దగ్గరికొచ్చే వైద్య విద్యార్థి ఒకతను చూపించాడు. అది దొంగ వ్యవహారమని ఇద్దరికీ తెలుసు.

అలా దించిన పుస్తకంలో ఆ జబ్బు గురించిన పేజీ తెరిచి, ఒక్కో వాక్యం తెలుగులో చెప్పాను. ఆయన సిమెంటు అంటిన చేతులు ఒళ్లో పెట్టుకుని విన్నాడు. చివరి వాక్యం దగ్గర ఆగాను. ఈ దశకు వచ్చినవాళ్లు ఎక్కువ కాలం బతకరని ఉంది.

"అంతేనా?"

"మందులు తింటే నయమవుతాదంట పెదనాయనా."

ఆయన మొహం తేటపడింది. ఆ పేజీ ప్రింటు తీయించుకుని జేబులో పెట్టుకున్నాడు. భార్యను ఇంటికి తెచ్చి, ఆ ధైర్యంతోనే ఆర్కాడుకు కట్టడం పనికి వెళ్లాడు. మూడోవారంలో అక్కడి ఇంజనీరుకు ఆ కాగితం చూపించాడట. ఇంజనీరు ఆఖరిదాకా చదివి చెప్పాడు. పెదనాయన అప్పటికప్పుడు బస్సెక్కాడు. ఇల్లు చేరేసరికి ఆమె లేదు.

కర్మాంతరాలయ్యాక సెంటర్‌కు వచ్చాడు. కోపం లేదు.

"ఆ పొద్దు నీకు ఆ కడాసి మాట, ఆఖర్న ఉండేది, తెలీలేదా అమ్మా?"

నిజం చెప్పడానికి అంతకన్నా మంచి సమయం నాకు మళ్లీ రాలేదు.

"తెలీలేదు పెదనాయనా."

"సరేలే. వాకిట్లోనే కూర్చోని నా కోసరం చూస్తా ఉన్నిందంట. అదే..." అని, మాట పూర్తిచేయకుండా లేచి వెళ్లాడు.

తర్వాత వీధిలో ఎవరైనా నన్ను తప్పుపడితే ఆయనే అడ్డుపడేవాడట: "పాపం, బిడ్డకు అంత ఇంగ్లీషు యాడ వస్తాది?" మా అమ్మ చెప్పింది.

ఆయన పోయేదాకా నేను ఆ మాట దిద్దలేదు. ఇప్పటికీ గుడియాత్తం వెళితే ఆ ఇంటి ముందు నడవను. పక్క సందులోంచి తిరిగి పోతాను.