బీడీ దారం పెట్టిన పేజీ

ఒక పుస్తకంలో లేని పేజీని నేను ఒకప్పుడు పైకి చదివాను. విన్న మనిషి ఇప్పుడు లేదు, చదివినదాన్ని నేనింకా ఉన్నాను కాబట్టి ఆ పేజీని రాసిపెట్టవలసింది నేనే. నా ఈడు వాళ్లు, ముఖ్యంగా నాట్లలో నడుము వంచిన వాళ్లు చదువుతారనే ఆశతో రాస్తున్నాను.

పోయిన నెల మా మేనమామ మనుమరాలు బొంబాయి దగ్గరి భీవండి నుంచి వచ్చి, సిరిసిల్లలో నేనిప్పుడు ఉంటున్న మా బిడ్డ ఇంట్లో రెండు రోజులుంది. పక్కింట్లో బట్ట నేసే సాంచెలు నడుస్తుండగా, సంచిలోంచి అట్ట ఊడిన పుస్తకమొకటి తీసి నా ఒళ్లో పెట్టింది. అది వాళ్ల తాత మీద, అంటే కూలీల నాయకుడైన మా మేనమామ మీద వచ్చిన పుస్తకం. నడిమి పేజీలో బీడీలకు చుట్టే గులాబీ దారం ఉంది. మరాఠీ బడిలో చదివి, తెలుగు అక్షరాలు ఈ మధ్యనే నేర్చుకున్న పిల్ల, వేలు పెట్టి కూడబలుక్కుంటూ ఆ పేజీ చివరిదాకా చదివింది. "పెద్దమ్మా, గీండ్ల మా బాపమ్మ ముచ్చట ఏడున్నదే? అంతా చెరువు కాలువ ముచ్చటే ఉన్నది గదా!" అన్నది.

నాకు ఏడుపు రాలేదు. దారం రంగు ఎంత వెలిసిందో చూస్తూ కూర్చున్నాను.

మా మేనమామ కథలాపూర్ దిక్కు ఒక ఊళ్లో పటేలు దగ్గర పాలేరుగా జీతమున్న మనిషి. తరువాత కూలీలను కూడగట్టి, ఆ చుట్టుపక్కల పేరున్న నాయకుడయ్యాడు. ఆ రోజుల్లో నాటుకు దిగిన ఆడవాళ్లు పటేలు మనిషి 'ఇగ చాలు' అనేదాకా గట్టెక్కకూడదు. ఆ మాట చీకటి పడి నారు కనబడకుండా పోతేగాని వచ్చేది కాదు. ఇంటికి పోయేసరికి పాలు తాగే పిల్లలు ఏడ్చి ఏడ్చి నిద్రపోయేవాళ్లు. పొద్దుండగానే గట్టెక్కాలన్నది సంఘం అడిగిన మొదటి కోరిక, దాన్ని సాధించిన రోజు గురించే ఆ పుస్తకంలో పెద్ద అధ్యాయముంది.

ఆ రోజు నేను ఆ మడిలోనే ఉన్నాను. నాకప్పుడు పదిహేనేళ్లు, మా మేనమామ భార్య పక్క సాలులో నాటు వేస్తున్నాను. మేనమామ మాత్రం మడి దగ్గర లేడు, జగిత్యాలలో మీటింగుకు పోయాడు. పొద్దు ఇంకా తాటిచెట్ల మీద ఉండగానే మా అత్తమ్మ చేతిలో ఉన్న నారుకట్టను నీళ్లలో వదిలేసి, నడుము మీద చెయ్యి పెట్టుకొని లేచి నిలబడింది. "నడుము నాది, పొద్దు పటేలుదా? ఎక్కుండ్రే!" అని ముందుగా తానే గట్టెక్కింది. అక్కడున్న పటేలు మనిషిని ఏడు తరాలూ కలిపి తిట్టింది. మేము ఒక్కొక్కరమే వెనకాల ఎక్కాం. మూడు రోజులు ఎవరం మడిలోకి దిగలేదు, పీకిన నారు నీళ్లలోనే పసుపుబారింది, నాలుగోనాడు ఒప్పుకుంటూ పటేలు కబురు పంపాడు. అప్పటినుంచి ఆ ఊళ్లో పొద్దుండగానే గట్టెక్కడం ఆనవాయితీ అయింది.

నేను పెళ్లై కోరుట్లకు వచ్చి బీడీలు చుట్టే పనిలో పడ్డాను. చదివింది ఏడో తరగతే అయినా, కంపెనీలో బీడీలు అప్పజెప్పి వచ్చేటప్పుడు చాటను గుమ్మం బయట పెట్టి గ్రంథాలయంలోకి పోయేదాన్ని. మొదటిసారి అక్కడి సారు నన్ను పైనుంచి కిందిదాకా చూసి "వంటల పుస్తకమా అమ్మా?" అన్నాడు. కూలోళ్ల పుస్తకాలు కావాలన్నాను. నిఘంటువు పక్కన పెట్టుకొని, తెలియని మాటను బీడీ కట్టల కాగితం మీద రాసుకొని, ఆ వరుసలో ఉన్నవన్నీ చదివాను. ఎక్కడెక్కడి రాష్ట్రాల, దేశాల వ్యవసాయ కూలీల నాయకుల జీవితాలు చదివిన ఆడది మా వాడలో నేనొక్కదాన్నే అని ఇప్పటికీ కొంచెం గర్వమే. ఆ పుస్తకాలన్నిటిలోనూ నాయకుడు ఎక్కడ మాట్లాడాడో ఉంటుంది, ఆ పూట మడిలో ఎవరున్నారో ఉండదు. అప్పట్లో అది నాకు పట్టలేదు.

జగిత్యాల పంతులొకాయన మా మేనమామ మీద పుస్తకం రాసినప్పుడు పట్టింది. గ్రంథాలయానికి వచ్చిన వారంలోనే దాన్ని రెండుసార్లు చదివాను. గట్టెక్కిన అధ్యాయంలో మేనమామ పిలుపునిచ్చాడని ఉంది, స్త్రీలు కూడా పాల్గొన్నారని ఒక్క వాక్యం ఉంది. పంతులు ఎవరినడిగి రాశాడో, మేనమామ ఏం చెప్పాడో, ఏం చెప్పలేదో నేనెప్పుడూ అడగలేదు.

తరువాత బావులెండిపోయాయి, పటేలు హైదరాబాదు చేరాడు, మడులు బీడుపడ్డాయి. పొద్దుండగానే గట్టెక్కే హక్కు ఉంది గాని, దిగడానికి మడి లేదు. ఊళ్లోవాళ్లు కొందరు దుబాయికి, కొందరు బొంబాయికి పోయారు. మా మేనమామ కూడా భార్యనూ కొడుకునూ తీసుకొని భీవండికి బయలుదేరి, బస్సు కోసం కోరుట్లకు వచ్చాడు. ఆయనను మూటల దగ్గర కూర్చోబెట్టి, అత్తమ్మ ఒక్కతే మా ఇంటికి వచ్చింది. కొంగులోంచి ఆ పుస్తకం తీసి నా చాటలో ఆకుల మీద పెట్టింది.

"పోయేటప్పుడన్న ఇనిపోత బిడ్డా. గట్టెక్కిన కాడ నా ముచ్చట ఏం రాసిండ్రో సదువు."

లేదని చెప్పడానికి నోరు తెరిచాను. ఆమె చెప్పులు విప్పి, గుడిలో కూర్చున్నట్టు కూర్చుంది. నేను ఏదో పేజీ తెరిచి, గ్రంథాలయంలో నేర్చిన మాటలన్నీ కూర్చి చదివాను: ఆ వీరవనిత నారును నీటిలో విడిచి, సూర్యుని సాక్షిగా తొలి అడుగు గట్టుపై మోపెననీ, ఆమె వెంట తోటి స్త్రీలందరూ కదలిరనీ. నా గొంతు ఎక్కడా తొట్రుపడలేదు.

ఆమె చివరిదాకా విన్నది. తరువాత, "మరి నేను తిట్టిన తిట్లు రాయలేదా?" అన్నది.

"పుస్తకంల తిట్లు రాయరత్తమ్మా."

"గట్లనా. గవే మంచిగుండె," అని నవ్వి, నా చాటలోంచి దారప్పోగు తెంపి ఆ పేజీలో పెట్టుకొని లేచిపోయింది. నేను బస్టాండు దాకా కూడా పోలేదు. మిగిలిన ఆకు కత్తిరిస్తూ కూర్చున్నాను.

భీవండిలో ఆమె పొద్దు కనబడని షెడ్డులో మగ్గాలకు నూలు కండెలు చుట్టిందట. మేనమామ ముందుగా పోయాడు, తరువాత ఆమె. వచ్చినవాళ్లకల్లా దారం పెట్టిన పేజీ చూపించేదని మనుమరాలు చెప్పింది. ఆ వాడలో తెలుగు చదవగలవాళ్లకు కొదవ లేదు, ఎవరైనా చదువుతామంటే మాత్రం పుస్తకం మూసేసి, "సదివేటోల్లు సదివిండ్రు తియ్యి" అనేదట. తెలిసి అన్నదో, తెలియక అన్నదో నాకు తేలలేదు. జరిగింది ఆ పిల్లకు మొత్తం చెప్పాను. విని, దారాన్ని మళ్లీ ఆ పేజీలోనే పెట్టింది.

మొన్న కోరుట్ల నుంచి బస్సులో వస్తుంటే, పొద్దుగూకిన తరువాత కూడా ఒక మడిలో మనుషులు వంగి ఉన్నారు. బీహారు నుంచి వచ్చిన మగవాళ్లట, గుత్తకు పట్టారట, ఎంత నాటితే అంత. గట్టు మీద కాపలాకు ఎవరూ లేరు. మనవాళ్లు వేరే దేశంలో ఎవరి పొద్దుకో పనిచేస్తుంటే, వీళ్లు మన మడిలో చీకట్లో నాటుతున్నారు. నాకు ఏదో అనిపించాలి, అనిపించలేదు. బస్సు దాటిపోయింది.

ఆ నాడు ఎవరెవరు గట్టెక్కారో తలచుకోవడానికి సాయపడినవాళ్లు, సారంగాపూర్‌లో ఉంటున్న రాజవ్వ, బోయినపల్లిలో కొడుకు దగ్గరున్న ఎల్లవ్వ. ఇద్దరూ ఆ మడిలో ఉన్నవాళ్లే. వాళ్లకు నా దండాలు. వాళ్లు గుర్తుచేసిన పోశవ్వకు, మల్లవ్వకు, దేవవ్వకు, చంటిపిల్లను గట్టు మీద పడుకోబెట్టి దిగిన నర్సవ్వకు, పుస్తకాన్ని జాగ్రత్తగా తెచ్చిన మనుమరాలు సరితకు దండాలు. అందరికన్నా ముందు గట్టెక్కిన మా అత్తమ్మ లస్మవ్వకు దండం.

తిట్లు ఈసారి కూడా రాయలేకపోయాను, అత్తమ్మా.