మూడో బెంచీ ఖాళీగా ఉన్న ఆదివారాలు

మా పెదనాన్న శనివారం పొద్దున పోయాడు. టీ తాగి, గ్లాసు కింద పెట్టి, మళ్ళీ మంచం మీద వాలాడు. అంతే. నేను నా మోటార్ల రిపేరు షాపులో ఒక రైతు తెచ్చిన మోటారు విప్పుతుంటే తమ్ముడు ఫోన్ చేశాడు. ఎలా పోయాడు, ఏమైంది అని నేను అడగలేదు. "ఎక్కడ?" అన్నాను.

"ఎక్కడేటి? ఇంట్లోనే. నానమ్మ పక్కనే ఉంది" అన్నాడు వాడు.

అప్పుడు గానీ నాకు ఊపిరాడలేదు. ఏడుపు తర్వాత వచ్చింది. మనిషి పోయాడంటే ఎక్కడ అని ఎందుకు అడిగానో మీకు అర్థం కావాలంటే గోల్ఫు గురించి చెప్పాలి. నర్సీపట్నంలో గోల్ఫేటని నవ్వకండి. మా ఊళ్ళో గోల్ఫు లేదు, మా ఇంట్లో ఉండేది.

పెదనాన్న కుర్రతనంలో పని కోసం విశాఖపట్నం వెళ్ళి ఒక క్లబ్బులో కేడీగా చేరాడు. కేడీ అంటే ఆడే పెద్దమనుషుల వెనక కర్రల సంచి మోసేవాడు. సోమవారం మెంబర్లు రారు, ఆ ఒక్కరోజూ కేడీలు ఆడుకోవచ్చు. సోమవారాల్లోనే ఆట పట్టేశాడు. తొంభైల మొదట్లో హైదరాబాదు, బెంగళూరు, కోయంబత్తూరు, విశాఖ తిరుగుతూ డబ్బుకి ఆడే టూరు ఒకటి మొదలైంది. అప్పట్లో పెద్దింటి పిల్లలకి డబ్బుకి ఆడడం నామోషీ. అందుకని ఆ టూరులో చేరినవాళ్ళలో చాలామంది కేడీలే. ఆడేది పచ్చగడ్డి మీద, బట్టలు మార్చుకునేది కేడీల రేకుల షెడ్డులో. లోపలి హాల్లో మెంబర్లు తింటుంటే వీళ్ళకి వంటింటి వెనకాల భోజనం. తర్వాత టీవీలొచ్చాయి, కంపెనీలొచ్చాయి, టోపీల మీద పేర్లొచ్చాయి. ఇప్పుడెవరైనా ఆ టూరు చరిత్ర రాస్తే కంపెనీలతోనే మొదలెడతారు, నాకు తెలుసు. నాకు తెలిసిన చరిత్ర వేరే. అది మా మిషన్ గుడిలో మగవాళ్ళ వైపు మూడో బెంచీ మీద జరిగింది.

ఆ టూరులో ఆట గురువారం మొదలై ఆదివారం ముగుస్తుంది. శుక్రవారం సాయంత్రానికి వెనకబడినవాళ్ళని, సుమారు సగం మందిని, ఇంటికి పంపేస్తారు. దాన్ని కట్ అంటారు. కట్ దాటినవాడే శని, ఆదివారాలు ఆడతాడు, డబ్బు కూడా వాడికే. ఈ సంగతి మా ఇంట్లో ఎవరికీ తెలీదు. నానమ్మకి తెలిసిందల్లా ఒకటే, కొడుకు ఆదివారాలు కూడా ఆటలాడతాడని. అది ఆమెకి మింగుడు పడలేదు. పాస్టరు గారి దగ్గరికెళ్ళి చెప్పుకుంది. ఆయన ప్రతి ఆరాధనలో మైకు ముందు ప్రార్థన చేసేవారు: "ప్రభువా, ఎక్కడ తిరుగుతున్నా మా సోదరుణ్ణి ఆదివారానికి నీ మందిరానికి చేర్చు." గుడంతా ఆమెన్ అనేది. గట్టిగా.

పెదనాన్న వచ్చేవాడు. ఆ ఏడాది టూరు ఏ ఊళ్ళో ఉన్నా, ఆదివారం పొద్దున అనకాపల్లిలో రైలు దిగి, బస్సు పట్టుకుని, మూడో బెంచీలో టోపీ ఒళ్ళో పెట్టుకుని కూర్చునేవాడు. నానమ్మ ఆడవాళ్ళ వైపు నుంచి చూసి మురిసిపోయేది. పాస్టరు గారు స్తోత్రం చెల్లించేవారు.

ఒక ఆదివారం భోజనాల దగ్గర మా నాన్న అడిగాడు: "ఏటన్నయ్యా, పెతి ఆదివారం సెలవిచ్చీస్తన్నారు నీకు. మంచి ఉద్యోగమే."

పెదనాన్న ముద్ద కలుపుతూనే, "సెలవు కాదురా. ఓడిపోయినోడికి ఆదివారం ఆట ఉండదు" అన్నాడు.

నానమ్మ చేతిలో పప్పు గరిట అలాగే ఉండిపోయింది. "అంటే ఏటి? ఆదివారం గుళ్ళో ఉన్నావంటే ఓడిపోయినట్టా?"

"అంతేనమ్మా."

"ఈ ఏడంతా నాను సేసిన పార్థనకి దేవుడు నిన్ను ఓడగొడతా ఉన్నాడా?"

"నీ మాట బాగానే ఇంటన్నాడు" అన్నాడు పెదనాన్న. ఆ తర్వాత నవ్వాపుకోలేక పొలమారింది.

"మరి ముందే సెప్పొద్దురా దరిద్రుడా!"

"నువ్వు అంత సంతోషంగా సూస్తంటే ఎలా సెప్పమంటావు?"

ఆమె చెయ్యి కడుక్కుని అప్పటికప్పుడు పాస్టరు గారింటికి వెళ్ళింది, నన్ను వెంటబెట్టుకుని. ఆయన మధ్యాహ్నం కునుకులో ఉన్నారు. లేపి మరీ చెప్పింది. ఆయన చాలాసేపు కళ్ళజోడు తుడుచుకున్నారు.

"అమ్మా, ఒక మనిషిని ఆదివారం గుడికి రానివ్వకు ప్రభువా అని నేనెలా అడగను? మైకు ముందు? పై వాళ్ళు వింటే నా పని ఏటవుతాది?"

"అడిగినోరు మీరే. మార్చాల్సిందీ మీరే" అంది నానమ్మ.

మరుసటి వారం ఆయన కొత్త ప్రార్థన చేశారు: "మా సోదరుడు ఉన్నచోటే అతన్ని స్థిరంగా నిలబెట్టు ప్రభువా." నాకు తెలిసి ఆయన చేసిన ప్రార్థనల్లో అంత తెలివైనది ఇంకోటి లేదు. కోయంబత్తూరు పోటీ జరిగిన ఆదివారం మూడో బెంచీలో పెదనాన్న లేడు. అందరూ తలలు తిప్పి చూశారు. ఆడవాళ్ళ వైపు గుసగుసలు మొదలయ్యాయి. "రానేదు, ఆడు రానేదు!" అని ఎవరో అన్నారు. ఆ రోజు కీర్తన రోడ్డు మీదికి వినబడిందని టీకొట్టు ఆయన చెప్పాడు. ఒక మనిషి గుడికి రాలేదని గుడి మొత్తం పండగ చేసుకోవడం మీరెక్కడైనా చూశారా? మేం చూశాం. కొన్నేళ్ళపాటు చూశాం.

ఊళ్ళో ఉన్నప్పుడు పెదనాన్న కోటవురట్ల వైపు కోతలయిన పొలాల్లో బంతులు కొట్టేవాడు. రైతులు తిట్టేవాళ్ళు. తిట్టిన రైతే కాసేపటికి "నన్నోపాలి కొట్టనీ" అని కర్ర తీసుకునేవాడు, మట్టిపెళ్ళ లేచేది, బంతి అక్కడే ఉండేది. పెదనాన్న నవ్వేవాడు కాదు. ఆ పెళ్ళని వెతికి తెచ్చి, లేచిన చోటే పెట్టి, కాలితో నొక్కేవాడు. నేను కొట్టిన బంతి వంకరపోతే దాన్ని తిట్టేవాణ్ణి. "దాన్ని తిట్టకురా, నువ్వు పంపిన కాడికే ఎళ్ళింది" అనేవాడు. ఇంకో అలవాటు ఉండేది, ఎవరి పని మీదా తన నీడ పడనిచ్చేవాడు కాదు. గోల్ఫులో అది మర్యాదట. తర్వాత్తర్వాత నా షాపులో నేను కాయిల్ చుడుతుంటే ఎండ తిరిగినప్పుడల్లా తన స్టూలు జరుపుకునేవాడు.

ఇక ఆ ఒక్క ఆదివారం. బెంగళూరులో పోటీ. మూడో బెంచీ ఖాళీ. కట్ దాటాడని గుడంతా సంబరం. నానమ్మ చుట్టుపక్కల వాళ్ళకి కొబ్బరుండలు పంచింది. మంగళవారం మధ్యాహ్నం ఒక జీపు ఇంటి ముందు ఆగింది. సికింద్రాబాదు కేడీల్లోంచి వచ్చిన ఒక ఆటగాడు, పెదనాన్నని రెండు చంకల కింద పట్టుకుని దించాడు. పచ్చకామెర్లు. కళ్ళు పసుపు ముద్దలు. కట్ దాటలేదు. శుక్రవారమే ఓడిపోయి, లేవలేక లాడ్జిలో పడిపోయాడు. మిగతావాళ్ళు వాళ్ళ వాళ్ళ రైళ్ళెక్కేశారు. ఈ సికింద్రాబాదు ఆయన కట్ దాటినవాడు, ఆదివారం ఆట ముగించుకుని తన సంచి కోసం లాడ్జికి వచ్చి, పోతూ పోతూ పెదనాన్న గది తలుపు కొడితే లోపల మూలుగు వినబడిందట. మేం కొబ్బరుండలు తింటున్న వేళకి మా పెదనాన్న గుక్కెడు నీళ్ళిచ్చేవాడు లేక పడి ఉన్నాడు.

అతను బతికాడు. ఆకు మందో, ఇంజెక్షన్లో, నానమ్మ కావలో, ఏదో బతికించింది. కానీ నానమ్మకి ఆదివారం అనేది విరిగిపోయింది. కొడుకు బెంచీలో ఉంటే ఓడిపోయాడని బాధ, లేకపోతే ఏ లాడ్జిలో పడి ఉన్నాడోనని భయం. ప్రార్థనలో కళ్ళు మూసుకునేది కాదు. గుమ్మం వైపే చూసేది. "ఏం కోరుకోవాలో తెలీకుండా కూకోడం ఎంత కట్టమో నీకు తెలీదురా" అని నాతో ఒకసారి అంది. అతను మళ్ళీ టూరుకి వెళ్ళాడు. వెళ్ళక ఏం చేస్తాడు? వేరే పని రాదు.

రెండు వేల సంవత్సరం దాటాక టూరు మారింది. కార్డు కావాలన్నారు. కార్డంటే వచ్చే ఏడాది ఆడే హక్కు. అకాడమీల్లో నేర్చుకున్న కుర్రాళ్ళు కార్లలో, తల్లిదండ్రుల్తో వచ్చారు. డబ్బుకి ఆడడం నామోషీ అన్న ఇళ్ళే ఇప్పుడు కొడుకుల్ని పంపాయి. పెదనాన్న కార్డు నిలవాలంటే విశాఖ పోటీలో కట్ దాటి తీరాలి. ఆ వారం సంచి నేనే మోశాను. షాపు మూసి వెళ్ళాను.

పొద్దున్నే క్లబ్బు దగ్గర అతను పెద్ద గేటు దాటి, గోడ వెంట నడిచి, వెనక గేటుకి పోయాడు. నాకు ఒళ్ళు మండింది.

"నువ్వు ఆటగాడివి. ఇటెందుకు?"

"అలవాటురా."

"ఇన్నేళ్ళు ఆడావు. ముందు గేటులోంచి నడువు. ఎవడాపుతాడో సూస్తాను."

"గేటు కాడ గెలిస్తే కప్పిస్తారేటి? బేగి రా, టైమవుతాంది" అని నడిచేశాడు.

ఆ గేటు మీద నా కోపం ఈ రోజుకీ తగ్గలేదు. తగ్గించుకోను కూడా. ఆ టూరుని మొదట్లో మోసినవాళ్ళు ఏ గేట్లోంచి వచ్చారో ఎవరో ఒకరికి గుర్తుండాలి.

శుక్రవారం సాయంత్రం ఆఖరి గుంట దగ్గర చిన్న దెబ్బ మిగిలింది. మా షాపు గుమ్మం నుంచి బల్ల దాకా ఉంటుంది దూరం, అంతే. పడితే కార్డు ఉంటుంది. అతను వంగి చూశాడు, కొట్టాడు. బంతి గుంట అంచు పట్టుకుని తిరిగి బయటికొచ్చేసింది. నేను సంచి కింద పడేశాను. పెదనాన్న టోపీ తీసి, తల తుడుచుకుని, పక్కనున్న కుర్రాడికి చెయ్యి కలిపి నా దగ్గరికి వచ్చాడు. మొహం చూస్తే, ఎవరో బరువు దించినట్టుంది.

"అమ్మయ్య" అన్నాడు.

"అమ్మయ్యేటి? అయిపోయింది కదా అంతా!"

"అవును. అయిపోయింది. మీ నానమ్మకి సెప్పాలి."

బస్సులో నేను సంచి కాళ్ళ మధ్య పెట్టుకుని కూర్చున్నాను. అతను కిటికీ పక్కన హాయిగా నిద్రపోయాడు.

ఇంటికొచ్చి నానమ్మ ముందు కూర్చుని చెప్పాడు: "అమ్మా, ఇంక పెతి ఆదివారం గుళ్ళోనే ఉంటాను. గెలుపూ నేదు, ఓటమీ నేదు. ఉంటాను, అంతే."

ఆమె చాలాసేపు అతని చెయ్యి పట్టుకుంది. "బతికించావురా నాయినా" అంది.

ఆ ఆదివారం ఆమె ప్రార్థనలో కళ్ళు మూసుకుంది. నేను చూశాను, ఎందుకంటే నేను మూసుకోలేదు. నాకు దేవుడి మీద కూడా కోపంగా ఉంది. అయినా ఆమె మొహం చూశాక కొంచెం వదులైంది.

తర్వాత అతను నా షాపులో కూర్చునేవాడు. ఇన్సులేషన్ కాగితం కత్తిరించేవాడు, మోటార్లు తెచ్చిన రైతులతో వానల గురించి మాట్లాడేవాడు. కొండ మీంచి వచ్చినవాళ్ళకి టీ చెప్పేవాడు. గోల్ఫు మాటెత్తేవాడు కాదు. ఎవరైనా అడిగితే "బాగా నడిచాం" అనేవాడు. ఆదివారాలు మూడో బెంచీలో ఉండేవాడు. చివరికి ఎవరూ తల తిప్పి చూడడం మానేశారు. అది అతనికి ఎంత ఇష్టమో నాకు తెలుసు. శనివారం పొద్దున తన మంచం మీద, తల్లి పక్కన పోయాడు. ఏ లాడ్జి తలుపూ ఎవరూ కొట్టక్కర్లేకపోయింది. ఈ సంగతి రాస్తుంటే కూడా నాకు ప్రాణం కుదుటపడుతోంది.

ఆదివారం ఆరాధన అయ్యాక సమాధుల తోటకి తీసుకెళ్ళాం. మట్టి వేస్తుండగా సికింద్రాబాదు ఆటగాడు వచ్చాడు. జుట్టు తెల్లబడింది. పెద్ద వయసు వాళ్ళ పోటీల్లో ఇంకా ఆడుతున్నాడు. నానమ్మ అతన్ని గుర్తుపట్టి చేతులు పట్టుకుంది.

"ఇయ్యాల ఆదివారం కదా నాయినా. నువ్వూ ఓడిపోయావా?"

"లేదమ్మా. కట్ దాటిన. ఇడిసిపెట్టి వచ్చిన."

ఆమె ఏడ్చింది. ఆ రెండు రోజుల్లో మొదటిసారి. తర్వాత కొంగుతో మొహం తుడుచుకుని, "ఇప్పుడు ఆడెక్కడున్నాడో నాకు తెలుసు" అంది.

జనం వెళ్ళిపోయారు. మా సమాధుల తోటలో నేల ఇసక నేల, ఎక్కడ చూసినా చెప్పుల గుర్తులు. సికింద్రాబాదు ఆయన గొయ్యి తవ్వినవాళ్ళ దగ్గర పార అడిగి తీసుకుని, తిరగేసి, సమాధి చుట్టూ ఇసక చదును చెయ్యడం మొదలెట్టాడు. వెనక్కి వెనక్కి నడుస్తూ, తన అడుగులు కూడా చెరిపేసుకుంటూ.

"ఏటి సేస్తన్నారండీ?" అన్నాను.

"ఇసక గుంటలోంచి బంతి కొట్టినంక అడుగులు మనమే సాపు చెయ్యాలె బిడ్డా. ఎనక వచ్చేటోనికి ఇబ్బంది కావద్దు. మీ పెదనాన్న ఎన్నడూ మర్వలే."

అంచు దాకా వచ్చి ఆగాడు. చదునైన ఇసక మధ్యలో కొత్త మట్టి ఒక్కటే ఎత్తుగా ఉంది. అప్పుడు నానమ్మ నా చెయ్యి వదిలించుకుని, చెప్పులు విడిచి, ఆ ఇసక మీద నడుచుకుంటూ కొడుకు తల దగ్గరికి వెళ్ళింది. కాసేపు నిలబడి, మట్టి మీద చెయ్యేసి, అదే దారిన తిరిగొచ్చింది. రెండు వరసలు చిన్న పాదాలు, ఒకటి వెళ్తూ, ఒకటి వస్తూ. అతను పార వైపు చూశాడు, ఆ పాదాల వైపు చూశాడు. పార తీసుకెళ్ళి గోడకి ఆనించాడు.