గిచ్చుమన్న జర్మనీ ఆయన

దుమ్ముగూడెం కాడ షూటింగ్‌కు జర్మనీ నుంచి ఒక నటుడు వచ్చిండు. ముప్ఫై ఏండ్ల సంది సినిమాల్ల, టీవీల్ల చంపేటోళ్ల వేషాలే ఏసిండట. ఊరోళ్లల్ల నాకు గూడ చిన్న వేషం ఇచ్చిండ్రు: ఆయన నన్ను మెడ పట్టి గోదాట్ల ముంచాలె. ఆ పిల్లికండ్లు చూడంగనే రెండడుగులు ఎనక్కి ఏసిన.

"నేను చెయ్యనయ్యా, ఊపిరాడక సస్త," అన్న.

అసిస్టెంటు ఆయనకు ఆ మాట చెప్పి, తెలుగుల ఏదో నేర్పిండు. ఆయన మణికట్టు నా ముందర పెట్టి, "గిచ్చు, అమ్మా" అన్నడు.

"గిచ్చితే ఇడిసిపెడతడట," అన్నడు అసిస్టెంటు.

నీళ్లల్ల మునగంగనే భయానికి గిచ్చిన. ఎంటనే ఇడిసిండు.

"ఏందమ్మా, సచ్చేటప్పుడు గూడ గిచ్చుతవా?" అని డైరెక్టర్ ఒర్లిండు. తరువాత ఎందుకు ఇడిసినవని జర్మనీ ఆయన్ని గూడ తిట్టిండు. ఆయన తల వంచుకొని తిట్లు పడ్డడు. మళ్ల చెయ్యి సాపిండు, "గిచ్చు, అమ్మా." దాని మీద నా గోర్ల గాట్లు ఎర్రగ ఉన్నయ్.

మొన్న మనుమరాలు ఫోన్ల ఆ జర్మనీ ఆయన పాత సినిమా పెట్టింది. అండ్ల ఒక పిల్ల గొంతు పిసుకుతుండు. ఆ పిల్ల చేతులు గాలిల కొట్టుకుంటున్నయ్ గని ఆయన మణికట్టు దాకా వస్తలేవు.

"ఉట్టిదే నాయనమ్మా!"

ఉట్టిదని నాకు ఎరుకలేదా? అయినా ఫోను మీదికి వంగి, "గిచ్చు బిడ్డా, జల్దీ గిచ్చు" అని మొత్తుకున్న.